గొంతు పోయిన గెడ్డ

"చప్పుడు వినపడగానే ఈ మీట నొక్కండి తాతగారూ. ఎంత చిన్నగా వినపడినా సరే. వినపడకపోతే ఊరుకోండి, అంతే" అంది చెవుల డాక్టరమ్మ.

బొంజయ్య తల ఊపాడు. అరవై ఎనిమిదేళ్ళుగా మన్యం దాటి పెద్దగా ఎరగని మనిషి, విశాఖపట్నంలో గోడలకు మెత్తలు కొట్టిన చిన్న గదిలో, చెవులకు దొప్పలు తగిలించుకుని, మీటను రెండు చేతులా పట్టుకుని కూర్చున్నాడు. అద్దం ఇవతల నిలబడ్డ కూతురు కాసులమ్మకు ఆయన ముఖం కనిపిస్తోంది. పదో తరగతి పరీక్షకు కూర్చున్నప్పుడు తను కూడా అంత భయపడలేదు.

ఆయన మీట నొక్కాడు. కాస్త ఆగి మళ్ళీ నొక్కాడు. ఆ తరవాత నొక్కుతూనే ఉన్నాడు. డాక్టరమ్మ చప్పుడు తగ్గించింది, ఇంకా తగ్గించింది. ఇక ఇది ఎవరికీ వినపడదు అనుకున్న చోట కూడా ఆయన బొటనవేలు కదిలింది.

"ఈయనకి చెవుడని ఎవరన్నారండీ?" కాగితం కాసులమ్మ చేతిలో పెడుతూ నవ్విందావిడ. "ఈ వయసులో ఇలాంటి చెవులు నేను చూడలేదు. నా చెవులతో మార్చుకుంటారేమో అడగండి."

ఏ కూతురైనా ఆ మాటకు సంతోషించాలి. కాసులమ్మ మాత్రం ఆ కాగితాన్ని మడిచి సంచి అడుక్కి తోసేసింది. తండ్రి చెవులు మంచివైతే మరి చెడిపోయిందేమిటి? దానికి జవాబు తెలిసిన మనిషి ఈ భూమ్మీద ఒక్కరే ఉన్నారు. అది తనే.

బస్సెక్కాక బొంజయ్య కిటికీలోంచి బయటకు చూస్తూ అడిగాడు. "ఎంత సెవుడన్నాది డాక్టరమ్మ?"

"సెవుడు నేదంట అయ్యా. నీ సెవులు బాగున్నాయంట."

"నా కోసం అబద్దాలాడకే అమ్మీ" అన్నాడాయన.

ముసురుగెడ్డ సంగతి తెలియనివాళ్ళకు నాలుగు ముక్కలు చెప్పాలి. గెడ్డ అంటే కొండవాగు. ఇది మబ్బు ఎప్పుడూ విడవని కొండ మీద పుడుతుంది. పట్టుమని పాతిక మైళ్ళు కూడా లేని దారిలో మూడు వేల అడుగుల కిందికి దిగాలి కాబట్టి, దానికి నడవడం చేతకాదు. ఉరుకుతుంది, పడుతుంది, లేస్తుంది, బండల్ని తిట్టుకుంటూ పోతుంది. సర్కారు పటంలో అది ఒక సన్నటి నీలం గీత. గెడ్డ ఒడ్డు మనుషుల పటంలో గీతలు లేవు, చప్పుళ్ళే ఉన్నాయి. రోలు దంచినట్టు వినపడే చోటు రోలు. పిండి విసిరినట్టుండే చోటు తిరగలి. ఒక మలుపులో నీళ్ళు బండ కింద దూరి ఆగి ఆగి బయటికొస్తాయి, అది ముసలమ్మ దగ్గు. చంటిపిల్లల తల్లులు కూర్చునే చోటు జోల. "ఎక్కడున్నావు?" అంటే "తిరగలికి ఎగువన" అంటారు. ఎవరికైనా అర్థమవుతుంది.

ఆ గెడ్డే వాళ్ళకు అన్నీ. ఎగువ మెట్టు మడులకు కాలవలు కట్టుకుంటారు. నడుమన మావులనే వెదురు బోనులు పెట్టి చేపలు పడతారు. దిగువ బండల మీద పసుపు కడిగి ఆరబోస్తారు. అయితే ఒక్క చిక్కుంది. పంతొమ్మిది ఊళ్ళు ఈ ఒడ్డున, సంత, ఆసుపత్రి, రేషను డిపో, బస్సు ఆ ఒడ్డున. వంతెన ఎప్పుడో మంజూరైంది. రెండు స్తంభాలు నీళ్ళలో ఉన్నాయి, మూడోది కాగితంలో ఉంది. అందుకని పెదరేవు దగ్గర కాలినడకనే దాటాలి.

దాటించే పని నాలుగు తరాలుగా బొంజయ్య ఇంటిది. ఆయన రేవుపెద్ద. దాటే ముందు ఒడ్డు బండకు చెవి ఆనించి వంగుంటాడు. కొండ మీద వాన పడితే నీటికన్నా ముందు గెడ్డ అడుగున రాళ్ళు కదులుతాయి. రాళ్ళ నడక అంటారు దాన్ని. ఆ చప్పుడు బండల్లోంచి వచ్చి చెవిన పడితే, వరద రేవుకు చేరడానికి ఒక చుట్ట కాల్చేంత వ్యవధి ఉన్నట్టు. ఈ విద్యకంతా సూత్రం ఒక్కటే: గెడ్డ అరిస్తే ఆగు, గెడ్డ పడుకుంటే దాటు. ఆ సూత్రం మీద నాలుగు తరాల్లో ఒక్క ప్రాణం పోలేదు.

కాసులమ్మ ఆ ఇంట్లో పుట్టి, ఆశ్రమ పాఠశాలలో చదివి, విశాఖలో పెద్ద చదువు పూర్తిచేసి, మళ్ళీ తన గెడ్డ దగ్గరికే వచ్చింది. ఏరు దాటి తెప్ప తగలేసే రకం కాదు. తొమ్మిదేళ్ళ కిందట అధికారులు వచ్చి చెట్ల మొదళ్ళలో అంకెలు వేసిన రాళ్ళు పాతారు. ఆనకట్ట కడితే ఆ పంతొమ్మిది ఊళ్ళూ నీటి అడుక్కి పోతాయి. ఆ రాళ్ళు చూసి ఊరు ఏడ్చింది, ధర్నా చేసింది. కాసులమ్మ మాత్రం ఆనకట్ట లేకుండా గెడ్డ నుంచి కరెంటు తీయడం ఎలాగా అని ఆరేళ్ళు కూర్చుంది. ఆమె గురువు డాక్టర్ భానోజీరావు తిరగలి పక్కన రేకుల షెడ్డులో ప్రయోగశాల పెట్టించాడు. అందులో పుట్టింది నూలునాచు.

చూడటానికి మామూలు పాచే. పట్టుదారంలాంటి పోగులు. ఉరికే నీళ్ళలో పెడితే ప్రతి పోగూ వణుకుతుంది, వణికినప్పుడల్లా రవ్వంత కరెంటు పుడుతుంది. బండకు బిగించిన రాగి చాపలోకి కోటి పోగుల కరెంటు చేరితే ఊళ్ళో దీపం వెలుగుతుంది. ఎండ కాక నాచుకు కావలసిందల్లా నీటిలోని అలజడి. సుడులు, నురగ, కొట్టుకోవడం, అదే దాని తిండి. మొదటి రోజు బండ మీద నాచు పరిచి బల్బు వెలిగించినప్పుడు ఊరంతా వచ్చి చూశారు. నురగలు కక్కే నీరు నాచు మీదుగా నునుపుగా జారిపోవడం చూసి, "పాలు పితికించుకుంటున్న ఆవునాగ నిలబడిపోనాదే" అని బొంజయ్య మురిసిపోయాడు. రెండేళ్ళలో పదకొండు ఊళ్ళకు దీపాలొచ్చాయి. ఆనకట్ట దస్త్రం బీరువా పైఅరలోకి వెళ్ళింది.

షెడ్డు గోడకు ఒక గ్రాఫు ఉండేది. నాచు ఎంత అలజడి తింటే అంత మోత తగ్గుతుంది కాబట్టి, గెడ్డ మోతను కొలిస్తే నాచు పని తెలుస్తుంది. ఆ గీత వారం వారం కిందికి దిగేది. దిగినప్పుడల్లా చప్పట్లు కొట్టి టీ తాగేవాళ్ళు. కిందటి శీతాకాలం నాచు తనంతట తానే బండ నుంచి బండకు పాకుతూ పెదరేవు దాకా వచ్చింది. కాసులమ్మ వెళ్ళి చూసి, కొలిచి, పుస్తకంలో రాసుకుంది: "విస్తరణ సంతృప్తికరం."

ఆ తరవాత వైశాఖమాసంలో ఒక సంత రోజున బొంజయ్య బండకు చెవి ఆనించాడు. ఏమీ వినపడలేదు. నీరు మోకాలి లోతు, అడుగున రాళ్ళు లెక్కపెట్టొచ్చు. ఎనిమిది మందిని చేతులు పట్టించి దింపాడు. నడిమధ్యకు వచ్చేసరికి నీరు రొమ్ముల దాకా లేచింది. నురగ లేదు, హోరు లేదు, ఎవరో మెల్లగా వంచి పోసినట్టు వచ్చింది. నిండు కుండ తొణకదని మనుషుల్ని మెచ్చుకోవడానికి అంటాం. గెడ్డ తొణక్కపోతే ఎంత భయంకరమో ఆ రోజు తెలిసింది. ఏడుగురు ఒడ్డెక్కారు. చివరనున్న పండమ్మ, నెత్తి మీద పసుపు బుట్టతో, ఎక్కలేదు. ఆ రోజు సంతలో కొత్త గొడ్డలి కొనాలని బయలుదేరిన మనిషి. మూడో రోజు దిగువన చేపల మావుల దగ్గర దొరికింది.

బొంజయ్య ఎవరినీ నిందించలేదు. తన చెవులు పోయాయనుకున్నాడు. ఇక ఈ పని నా వల్ల కాదన్నట్టు రేవు కర్ర తీసుకెళ్ళి ఊరిపెద్ద ఇంటి గోడకు ఆనించి వచ్చేశాడు. అప్పటినుంచీ ఎవరు పలకరించినా వినపడనట్టు తల దించుకునేవాడు. వినపడదని తనకు తాను నమ్మేసుకున్నాడు.

బస్సు దిగాక కాసులమ్మ తండ్రిని రేవు వైపు తీసుకెళ్ళలేదు. పైదారి పట్టించింది.

"ఇటెందుకే?"

"రా అయ్యా. ఒక్క పాలి."

తిరగలి దాటి, షెడ్డు దాటి, పులిబోను అనే ఇరుకు లోయలోకి తీసుకెళ్ళింది. రెండు వైపులా నిలువు కొండలు. మిట్ట మధ్యాహ్నం కూడా ఎండ అడుక్కి దిగదు. ఎండ లేనిదే నూలునాచు బతకదు కాబట్టి అక్కడి బండలు నల్లగా, పాతవిగా, బోసిగా ఉన్నాయి. గెడ్డ అక్కడ నోరు తెరిచి అరుస్తోంది.

బొంజయ్య ఆగిపోయాడు. ఎవరూ చెప్పకుండానే మోకాళ్ళ మీద కూలబడి బండకు చెవి ఆనించాడు. కళ్ళు మూసుకున్నాడు. పెదాలు కదిలాయి.

"అడుగున నాలుగైదు గుండ్రాళ్ళు కదుల్తన్నాయి... పైన వాన పడినాది. పెద్ద వాన కాదు. సుట్ట కాల్సేలోగా రేవుకాడ జానెడు ఎక్కుతాది." అంతలో ఉలిక్కిపడి లేచాడు. "ఒలే అమ్మీ, ఇనబడతందే! నాకు ఇనబడతంది!"

కాసులమ్మ తండ్రి చెయ్యి పట్టుకుని దిగువకు నడిపించింది. వంద అడుగులు, రెండు వందల అడుగులు. లోయ వెడల్పయింది. ఎండ నీళ్ళ మీద పడింది. ఎండ పడ్డ మొదటి బండ మీదే ఆకుపచ్చ పోగులు మెరుస్తున్నాయి. సరిగ్గా అక్కడ హోరు తెగిపోయింది. ఆ తరవాత నీరు గాజుపలకలా జారుతోంది, అడుగున ఒక్క రాయీ కదలడం లేదు.

బొంజయ్య వెనక్కి నడిచాడు. హోరు. ముందుకొచ్చాడు. నిశ్శబ్దం. మళ్ళీ వెనక్కి, మళ్ళీ ముందుకు. మూడుసార్లు అలా తిరిగి, వంగి ఒక పోగును గోటితో గిల్లి చూశాడు.

"ఇది నీ నాచే గదేటి?"

"నాదే అయ్యా."

"నా సెవులు బాగున్నాయని నవ్వాలో ఏడవాలో తెలీట్నేదు" అన్నాడు. గిల్లిన పోగును నీళ్ళలో వదిలేసి అడిగాడు. "నీకు ముందే తెల్సేటి?"

అబద్ధం చెప్పొచ్చు. తెలియదంటే ఆయన నమ్ముతాడు. కూతురి మాట ఏ రోజూ కాదనని మనిషి. కానీ కాసులమ్మ గోడ మీది గీత సంగతి చెప్పింది. గీత దిగినప్పుడల్లా కొట్టిన చప్పట్ల గురించి చెప్పింది. పుస్తకంలో రాసుకున్న రెండు మాటలూ చెప్పింది. మోత తగ్గుతోందని తెలుసు గానీ, ఆ మోతే రేవు అని తనకు తట్టలేదని చెప్పింది. రేవుపెద్ద కూతురికి అది తట్టకపోవడమేమిటో తనకే అర్థం కావడం లేదంది.

బొంజయ్య కోప్పడలేదు. కోప్పడితే బాగుండుననిపించింది కాసులమ్మకు.

"అయితే గెడ్డ గొంతు తగ్గడం నాకన్నా ముందర నువ్వే ఇన్నావన్నమాట" అన్నాడాయన. "పండమ్మ మొగుడికి ఎవులు సెప్తారు?"

"నానే సెప్తాను."

మర్నాడు షెడ్డులో భానోజీరావు అంతా విని కళ్ళజోడు తీసి బల్ల మీద పెట్టాడు. ఆయన చెడ్డవాడు కాదు. కాసులమ్మకు ఫీజు కట్టినవాడు, ఇంట్లో అన్నం పెట్టినవాడు. ఏళ్ళ తరబడి ఆ రేకుల కింద ఉడుకుతూ మన్యం జ్వరం రెండుసార్లు తెచ్చుకున్నవాడు.

"ఇప్పుడేం చేద్దామంటావు?"

"రేవుకి ఎగువన మైలు దూరం బండలన్నీ గీకేయాలి సార్. మిగతాచోట నాచు ఉండనీ."

"మూడో వంతు కరెంటు పోతుంది."

"పోతుంది."

"పది రోజుల్లో పరిశీలన బృందం వస్తోంది. మూడో వంతు తగ్గిందంటే ఆ దస్త్రం మళ్ళీ కిందికి దిగుతుంది. పంతొమ్మిది ఊళ్ళు మునుగుతాయమ్మా! పాపం ఆవిడ పోయింది, నిజమే. పైన ఒక యంత్రం పెట్టి కింద సైరను మోగిద్దాం. దానికో నివేదిక రాద్దాం. ఇదంతా మనమే బయటపెట్టుకోవడం దేనికి? కడుపు చించుకుంటే కాళ్ళ మీద పడుతుంది."

"సైరను పెడదాం సార్. కాని వరద వచ్చినప్పుడు ముందు తెగేది రాగి చాపలే. కరెంటు అప్పుడే పోతుంది. దాన్నొక్కదాన్నే నమ్ముకోమని నేను ఎవరికీ చెప్పలేను."

"మరి బృందానికేం చెబుతావు?"

"పండమ్మ పేరుతో సహా చెబుతాను. దస్త్రం దిగితే దానితో అప్పుడు కొట్లాడదాం. పంతొమ్మిది ఊళ్ళకీ ఉన్నది ఒక్కటే రేవు సార్. అది పాడుచేసి ఊళ్ళని కాపాడానని ఏ ముఖం పెట్టుకుని చెప్పను?"

భానోజీరావు లేచి గోడ మీది గీత ముందు నిలబడ్డాడు. "గీకితే ఎన్నాళ్ళకి గొంతొస్తుంది?" అని మాత్రం అడిగాడు.

అసలు కష్టం అక్కడే ఉంది. నాచు వేళ్ళు బండ పగుళ్ళలోకి దిగిపోయాయి. గీకిన పదిహేను రోజులకే మళ్ళీ జానెడు పెరుగుతుంది. మళ్ళీ గీకాలి. వేళ్ళు చచ్చేసరికి రెండు వానాకాలాలు పడుతుంది. మొదటి వానాకాలం ఇంకో వారంలో మొదలవుతుంది.

ఆదివారం పొద్దున్నే ఊరి కూటం కూర్చుంది. మన్యంలో తప్పు చేసినవాళ్ళు కూటం నడుమ చెప్పులు విడిచి నిలబడాలి, తమ నోటితో తామే చెప్పాలి. కాసులమ్మ అలాగే నిలబడి చెప్పింది. గ్రాఫు అనకుండా గోడ మీద గీత అంది. ఎదురుగా కింద కూర్చున్న లింగపడాల్, పండమ్మ మొగుడు, ఆమె వైపు కాక నేల వైపు చూస్తూ విన్నాడు.

ఆమె ముగించగానే కూటం తేనెతుట్టె రేగినట్టయింది.

"ఆ నాచంతా పీకి పారీండి!" అన్నాడొకడు.

"నీకేటి, పీకమంటావు. మొన్న నా కోడలికి నొప్పులొస్తే ఆ దీపం కిందే నాను పిల్లని తీసినాను. బొడ్డు మెడకి సుట్టుకున్నాది. సీకట్లో అయితే సూద్దునా?" మంత్రసాని జంగమ్మ లేచింది.

"పీకితే ఆనకట్టోల్లు వస్తారు."

"వస్తే రానీ, పీకకపోతే మనమే పోతాం."

బొంజయ్య చెయ్యెత్తాడు. వారాల తరబడి తల దించుకున్న మనిషి లేచి నిలబడేసరికి అందరూ ఆగారు.

"నా సెవులు బాగున్నాయి" అన్నాడు. "పులిబోనులో గెడ్డకి గొంతున్నాది. సంత రోజుల్లో నాను పైకెల్లి అక్కడ కూకుంటాను. రాళ్ళు నడిస్తే డప్పు కొడతాను. ఆ లోయలో కొడితే రేవు దాకా ఇనబడతాది. డప్పు నేకపోతే దాటండి."

"మజ్జిలో రెండు వాగులు కలుస్తాయి గదా బొంజయ్యా" అన్నాడు ఊరిపెద్ద. "ఆటిమీద వాన పడితే నీ డప్పుకేటి తెలుస్తాది?"

బొంజయ్య తల అడ్డంగా ఊపి కూర్చున్నాడు. అప్పుడు లింగపడాల్ తలెత్తాడు. పెళ్ళాం పోయిన మనిషి. చేసినదానికి కట్టాల్సిన తప్పు, అంటే జరిమానా, ఏమిటో తేల్చే హక్కు ఆ రోజు అతనిదే. మేకలిమ్మంటాడో, ఊరు విడిచి పొమ్మంటాడో అని అందరూ చూస్తున్నారు.

"నాకు మేకలొద్దు" అన్నాడతను. "మేకల్ని తోలుకుపోయి ఏటి సేసుకోను? ఒకమాట అడుగుతాను. గెడ్డకి గొంతు మల్లీ ఎప్పుడొస్తాది?"

"రెండు వానాకాలాలు" అంది కాసులమ్మ.

"అయితే రెండు వానాకాలాలు నువ్వే దాని గొంతు. ఎవులు దాటినా నువ్వు ముందర దిగాల. అడుగడుక్కీ నీరు ఎందాక ఒచ్చినాదో కేకెయ్యాల. మోకాలంటే మోకాలు, తొడంటే తొడ. నీరు లెగిస్తే ముందర నీకే తెలుస్తాది. నీ కేక ఆగితే మాకు తెలుస్తాది."

ఆ చివరి మాటకు అర్థం పిల్లలకు కూడా తెలిసింది. కాసులమ్మ తల్లి నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది. బొంజయ్య కళ్ళు మూసుకున్నాడు. అది మరీ పెద్ద తప్పు అని ఊరిపెద్ద ఏదో అనబోయాడు.

"కట్టుకుంటాను" అంది కాసులమ్మ. "తప్పు కట్టుకుంటాను. గీకడం కూడా రేపే మొదలెడతాను. ఒచ్చినోల్లు రండి, నేకపోతే నానొక్కదాన్నే గీక్కుంటాను."

మర్నాడు రేవు ఎగువన పదిమందొచ్చారు. ఆ మర్నాడు ముప్పయి మంది. జంగమ్మ పలుగు పట్టుకుని వచ్చి, "దీపాలు నాలుగూళ్ళకి పోతాయంట గదా, మాది అందులో నేదు గదే?" అని రెండుసార్లు అడిగి ఖాయం చేసుకుని మరీ బండెక్కింది. భానోజీరావు పంచె ఎగ్గట్టి నీళ్ళలో దిగాడు. పోగులు చాలా గట్టివి. బండను వదలవు. సాయంత్రానికి అందరి అరచేతులూ బొబ్బలెక్కాయి. తను ఆరేళ్ళు గాజు పాత్రల్లో పెంచిన దాన్ని కాసులమ్మ కొడవలితో గీకి, బుట్టలకెత్తి, గట్టు మీద ఎండబెట్టింది. ఏడుపు రాలేదా అంటే వచ్చింది. ఏడుస్తూనే గీకింది. పరిశీలన బృందం వచ్చినప్పుడు అదే తడి చీరతో వెళ్ళి పండమ్మ సంగతి మొదట చెప్పి, తరవాతే లెక్కలు చూపించింది. వాళ్ళు ఏమీ అనకుండా రాసుకుని వెళ్ళిపోయారు. దస్త్రం దిగుతుందో లేదో ఎవరికీ తెలియదు.

వానలు మొదలయ్యాక తొలి సంత బుధవారం వచ్చింది. తెల్లారాక వాన వెలిసింది. బొంజయ్య డప్పు భుజాన వేసుకుని పులిబోనుకు వెళ్ళిపోయాడు. రేవు దగ్గర తొమ్మిది మంది నిలబడ్డారు. ఉప్పు కావాలి, మందులు కావాలి, పసుపు అమ్ముకోవాలి. పండమ్మ పోయిందని ఉప్పు లేకుండా ఎవరూ బతకలేరు. వరసలో మొదట నిలబడింది లింగపడాల్. అతనికి ముందు నిలబడాల్సింది కాసులమ్మ. కూటం రోజు నుంచీ అతను ఆమెతో ఒక్క మాట మాట్లాడలేదు. ఇప్పుడు కూడా చెయ్యి చాపాడు, అంతే. ఆ చెయ్యి గరుగ్గా, వేడిగా ఉంది.

గీకిన బండల మధ్య గెడ్డ కొత్తగా గొణుగుతోంది. గొంతు అనడానికి లేదు, గురక అనొచ్చు. దాన్ని నమ్మడానికి లేదు. కాసులమ్మ పైలోయ వైపు చెవి పెట్టి ఆగింది. డప్పు లేదు. ఆ డప్పు లేకపోవడాన్ని నమ్మాలంటే తండ్రి చెవుల్ని నమ్మాలి. ఆ సంగతి విశాఖ దాకా తీసుకెళ్ళి మరీ తేల్చుకుంది కదా. నీళ్ళలోకి దిగింది.

"పిక్క!" అని కేకేసింది. వెనక తొమ్మిది మంది దిగారు.

"మోకాలు!"

నీరు చల్లగా, నునుపుగా లాగుతోంది. కాలికింద గులకరాయి జారింది. నిలదొక్కుకుంది.

"తొడ!"

మధ్యకు వచ్చేశారు. వంతెన స్తంభానికి పది అడుగుల ఎడంగా, బల్లపరుపు రాయి దగ్గర. పండమ్మ కొట్టుకుపోయిన చోటు అదేనని ఎవరూ చెప్పనక్కర్లేదు. ఆమె కాలు ఆ రాతి అంచుకు తగిలింది. నీరు తొడ దాటి పైకొచ్చింది. అది వరదో, అక్కడి లోతో తెలియదు. నోరు తెరిచింది. మాట రాలేదు. వెనక వరస మొత్తం నిలిచిపోయింది. చివరనున్న ముసలామె "ఏటయినాది? ఏటయినాదే?" అని అడుగుతోంది.

లింగపడాల్ చెయ్యి బిగిసింది. వేళ్ళు విరుగుతాయేమో అన్నంత గట్టిగా పట్టాడు. అతని ఊపిరి ఆమె మెడకు తగులుతోంది.

"కేకెయ్యి" అన్నాడు. "ఆపకు. ఎనక మనుసులున్నారు."

కాసులమ్మ కాలు ముందుకేసి, అడుగు ఆనిందో లేదో చూసుకుని, కొండలు మారుమోగేలా అరిచింది.

"నడుము!"